తెర మీద గద్దర్: పాటకు పిలిచినారు, కథకు పిలవలేదు

గద్దర్ గొంతు గురించి మాట్లాడనోళ్లు లేరు. గద్దర్ ఒంటి గురించి మాట్లాడినోళ్లు తక్కువ. సినిమా మీద రాసే విమర్శకులు ఆయన పేరును పాటల వరసలో ఒక మాటగా రాసి ముందుకు పోతారు. విప్లవ సాహిత్యం మీద రాసేవాళ్లు ఆయన సినిమాను ఒక చిన్న ముచ్చట కింద పక్కన పెడతారు. ఈ ఇద్దరి మధ్యన జారిపోయింది ఒకటుంది. అది గద్దర్ నటన. అవును, నటనే. ఒక దళితుడు గోచీ పెట్టి, కంబళి భుజానేసుకోని, చేతిలో కట్టె పట్టుకోని కెమెరా ముందర నిలబడితే దాన్ని నటన అనడానికి మన విమర్శకు ఎందుకో నోరు రాదు. ‘సహజంగా చేసినాడు’ అంటారు. సహజం అనేది మా వాడలోళ్ల కోసమే దాచిపెట్టిన మాట. అగ్రకులం బిడ్డ చేస్తే సాధన. మా బిడ్డ చేస్తే సహజం.

ముందు మనిషిని గుర్తు చేసుకుందాం. గుమ్మడి విఠల్‌రావు మెదక్ జిల్లా తూప్రాన్‌లో దళిత కూలీల ఇంట్లో పుట్టినాడు. బుర్రకథలు చెప్పినాడు. 1970ల మొదట్లో బి. నరసింగరావు వాళ్ల ఆర్ట్ లవర్స్ అసోసియేషన్‌లో కలిసినాడు. ఆ గుంపు నుంచే జననాట్యమండలి వచ్చింది. కెనరా బ్యాంకులో ఉద్యోగం చేసి 1984లో వదిలేసినాడు. 1985 జూలై 17న కారంచేడు జరిగితే దాని మీద పాట కట్టి తిరిగినాడు. అజ్ఞాతంలోకి పోయి 1990లో బయటికి వచ్చినాడు. 1997 ఏప్రిల్ 6న ఆయన మీద తూటాలు పేల్చినారు. ఒక తూటా వెన్నులోనే ఉండిపోయింది. ఆ తూటాను మోసుకుంటానే ఇరవై ఆరేండ్లు వేదికల మీద ఎగిరినాడు. 2023 ఆగస్టు 6న కన్నుమూసినాడు. 1991లో చుండూరు జరిగింది కూడా ఆగస్టు 6నే. మాకు ఆ తేదీ ఇప్పుడు రెండు సార్లు గుర్తుంటాది.

ఇంత బతుకులో సినిమా ఎంత? జనానికి గుర్తున్నవి మూడు. 1979 నాటి ‘మా భూమి’, 1983లో ‘రంగుల కల’, 2011లో ‘జై బోలో తెలంగాణ’. 1995లో వచ్చిన ‘ఒరేయ్ రిక్షా’కు పాట రాసినాడు, దాన్ని వందేమాతరం శ్రీనివాస్ పాడినాడు. ఆ పాటకు నంది పురస్కారం ఇస్తే గద్దర్ తీసుకోలేదు. ఆ మూడు సినిమాల్లో ఆయన కనిపించే నిమిషాలన్నీ కలిపినా మా బడిలో ఒక పీరియడుకు రావు. అయినా ‘మా భూమి’ అనంగానే జనానికి ముందు కనపడేది ఆ కంబళి మనిషే. ఎందుకు?

‘మా భూమి’ గౌతం ఘోష్‌కు మొదటి కథాచిత్రం. కిషన్ చందర్ ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ దానికి ఆధారం. నరసింగరావు, జి. రవీంద్రనాథ్ నిర్మించినారు. పేరున్న హీరో లేడు, మద్రాసు స్టూడియోల అట్టల సెట్లు లేవు. రామయ్య అనే యువకుని కథ అది, రామయ్యగా సాయిచంద్ వేసినాడు. ఆ కథ నడిచే దారిలో ‘బండెనక బండి కట్టి’ పాట వస్తుంది. ఆ పాట కట్టింది తెలంగాణ సాయుధ పోరాటంలోని బండి యాదగిరి. దాన్ని గద్దర్ పాటే అనుకునేవాళ్లు ఈ పొద్దుకీ ఉన్నారు. అనుకోవడంలో వాళ్ల తప్పేం లేదు. ఆ పాటను ఒంట్లోకి ఎక్కించుకున్నోడు గద్దర్.

ఇక్కడ ఒక సంగతి గమనించాల. తెలుగు సినిమా పాటలో గొంతు ఒకరిది, పెదాలు ఒకరివి, అడుగులు నేర్పేది మూడో మనిషి. ఘంటసాల పాడితే ఎన్టీఆర్ పెదాలు కదిపినాడు. దాన్ని తప్పు పట్టడం లేదు, ఆ పరిశ్రమ పద్ధతి అది. కానీ ఆ పద్ధతిలో పాట ముక్కలవుతుంది. గద్దర్ దగ్గర పాట ముక్కలు కాలేదు. ఆయన గొంతు, ఆయన పెదాలు, ఆయన కాళ్లు, ఆయన కట్టె. మా వాడల్లో ఆట ఎప్పుడూ ఇంతే. మా నాయన తప్పెట కొడతాడు. తెలంగాణలో డప్పు అంటారు, మా కడప పక్క తప్పెట అంటాం, పలక అని కూడా అంటాం. చెయ్యి దెబ్బేస్తే కాలు అడుగేస్తాది, నోరు కేకేస్తాది. మూడు పనులకు ముగ్గురు మనుషులు మాకు యాడ దొరుకుతారు? కులం పనివాళ్లను ఒకరికొకరు అంటకుండా విడదీసి పెడుతుందని అంబేద్కర్ మనకు చూపించినాడు. మా ఆటలో మాత్రం పనులన్నీ ఒకే ఒంట్లో కలిసి ఉన్నాయి. గద్దర్ ఆ ఒంటిని అట్లనే తీసుకుపోయి తెర మీద నిలబెట్టినాడు.

నేను ‘మా భూమి’ని కడపలో చదువుకునేటప్పుడు హాస్టల్ రూములో స్నేహితుని ల్యాప్‌టాప్‌లో చూసినాను. మా నాయన చాలా ఏండ్లకు, నేను ఉద్యోగంలో చేరినాక, చక్రాయపేటలో ఇంటి ముందర మంచం మీద కూచోని నా సెల్‌ఫోన్‌లో ఆ పాట ఒక్కటీ చూసినాడు. ఆయనకు గద్దర్ ఎవరో తెలీదు. తెలంగాణ మాట సగం అర్థం కాలేదు. పాట అయిపోయినాక, ‘ఈయప్ప నేర్చినోడురా. కాలు జూడు, దెబ్బ కన్నా ముందు లేస్తాంది’ అన్నాడు. ఎన్నో వ్యాసాలు చదివినా నాకు దొరకని విమర్శ ఆ ఒక్క మాటలో దొరికింది. మా నాయన గొంతు గురించి మాట్లాడలేదు, విప్లవం గురించి మాట్లాడలేదు. ఒక పనోడు ఇంకొక పనోని పని చూసి గుర్తుపట్టినాడు. ‘నేర్చినోడు’ అన్నాడు. సహజం అనలేదు. గడ్డిమంట మీద తప్పెటను ఎంత కాచాలో తెలిసినోనికి, ఆ కాలు లేవడానికి వెనక ఎన్ని రాత్రుల ఆట ఉందో తెలుసు.

ఆ ఒంటి మీద ఉన్నవి కూడా చూడాల. కంబళి గొర్లకాపరులది. గోచీ, చేతికట్టె కూలోళ్లవి, రైతులవి. కాళ్ల గజ్జెలు చిందోళ్లవి, ఒగ్గు కథ చెప్పేటోళ్లవి. డప్పు మాదిగలది. వీటిని ఏ దుస్తుల డిజైనరూ తెచ్చి ఇయ్యలేదు. సినిమా రాకముందే గద్దర్ వాటిని వేసుకోని తిరిగినాడు. ఆ సినిమా కథ దొర మీద రైతు పోరాటం గురించి మాట్లాడింది. ఊర్లో ఏ కులం యాడ నిలబడుతుందో, ఎవరి బిందె ఎవరి బావికి దూరమో అంత వివరంగా మాట్లాడలేదు. కథ వదిలేసిన ఆ కులాలన్నీ గద్దర్ ఒంటి మీద వస్తువులుగా వచ్చి నిలబడినాయి. వర్గం గురించి కథ చెప్తాంటే ఆ ఒళ్లు కులం గురించి చెప్పింది. విమర్శకులు పాట విని ఎర్రజెండాను చూసినారు. ఆ గజ్జెలు ఎవరివి అని అడగలేదు.

ఇప్పుడు అసలు ఫిర్యాదుకు వస్తాను. పాట అయిపోతుంది. కథ మళ్లా రామయ్య వెనక పోతుంది. గద్దర్ ఉన్నది పాట మేరకే.

‘రంగుల కల’లో ఇది ఇంకా బాగా కనపడుతుంది. నరసింగరావు దర్శకత్వం, చిత్రకారుడిగా వేసింది కూడా ఆయనే. ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం వచ్చింది. పట్నంలో ఒక చిత్రకారుడు తన బొమ్మలకు, బీదజనానికి మధ్యన దారి వెతుక్కునే కథ. అందులో గద్దర్ ‘భద్రం కొడుకో’ పాడతాడు. ఒకే సినిమాలో ఇద్దరు కళాకారులు ఉన్నారన్న మాట. ఒకరు బొమ్మలేసేవాడు, ఒకరు పాడేవాడు. బొమ్మలేసేవానికి కలలున్నాయి, సందేహాలున్నాయి, ఒంటరితనం ఉంది. పాడేవానికి పాట ఉంది, అంతే. చూసే కళాకారునికి కథ దక్కింది. పాడే కళాకారుడు ఆ కథలో ఒక దృశ్యం అయినాడు. నరసింగరావు మీద నాకు కోపం లేదు. ఆయన లేకపోతే ఆ నాలుగు నిమిషాలు కూడా మనకు మిగిలేవి కావు. 1988లో ఆయనే ‘దాసి’ తీసినాడు. దొర గడీలో అడుగున పడి ఉన్న ఆడమనిషికి పూర్తి కథ ఇచ్చినాడు. ఆ పాత్ర వేసిన అర్చనకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం వచ్చింది, ఆమె నటన గొప్పదే. కానీ లెక్క చూడండి. అడుగునున్న మనిషి కథ తీసేటప్పుడు సినిమాలు నేర్చిన నటి కావాల్సి వచ్చింది. అడుగు నుంచి వచ్చిన ఆటగానికి మాత్రం పాటే మిగిలింది. మంచి మనసున్న సినిమాలోనే ఇట్లుంటే వ్యాపార సినిమాను ఏమనాల?

ఇది గద్దర్‌తో మొదలైంది కూడా కాదు. 1954లో ‘అగ్గిరాముడు’లో బుర్రకథ నాజర్‌ను పిలిచినారు. అల్లూరి కథ చెప్పినాడు, థియేటర్లు ఊగినాయి, కథ మళ్లా హీరో చేతికి పోయింది. గద్దర్‌తో ఆగిపోలేదు కూడా. 2021లో ‘భీమ్లా నాయక్’ పాటకు కిన్నెర మొగులయ్యను పిలిచినారు. 2022లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. 2024లో ఆయన కూలి పని చేస్తాంటే తీసిన వీడియో దేశమంతా తిరిగింది. 2023లో ‘బలగం’ చివర్లో బుడగజంగాల మొగిలయ్య, కొమురమ్మ పాడితే ఏడవనోళ్లు లేరు. ఆ మొగిలయ్య 2024 డిసెంబర్‌లో జబ్బుతో పోయినాడు. ‘బలగం’ ఒక మెట్టు ఎక్కింది, ఒప్పుకోవాల. అక్కడ కథ ముడి విప్పింది ఆ ఇద్దరి పాటే. అయినా ఆ ఇద్దరూ ఇంకొక ఇంటి చావుకు ఏడిపించడానికి వచ్చినోళ్లే. వాళ్ల ఇంట్లో చావు ఎవరి సినిమాకూ కథ కాలేదు. డెబ్బై ఏండ్లుగా తెలుగు సినిమా మా వాడల తలుపు పాట కోసమే కొడతాంది.

డాక్యుమెంటరీ సినిమా ఈ పని ఎట్ల చేయొచ్చో బొంబాయిలో ఒక ఉదాహరణ ఉంది. విలాస్ ఘోగ్రే మరాఠీ దళిత గాయకుడు. 1985లో ఆనంద్ పట్వర్ధన్ గుడిసెవాసుల మీద తీసిన ‘హమారా షహర్’లో ఆయన పాడినాడు. మన గద్దర్ మాదిరే పాడి పక్కకు పోయినాడు. 1997 జూలై 11న రమాబాయి నగర్‌లో అంబేద్కర్ విగ్రహానికి జరిగిన అవమానం మీద జనం లేస్తే పోలీసులు కాల్చినారు, పది మంది చనిపోయినారు. నాలుగు రోజులకు, జూలై 15న, విలాస్ ఉరేసుకున్నాడు. గద్దర్ వెన్నులోకి తూటా పోయిందీ ఆ ఏడే. పట్వర్ధన్ అక్కడ ఆగలేదు. తన సినిమాలో పాడిన మనిషి ఎందుకు చనిపోయినాడు, ఎర్రజెండా గుంపులో పాడినోడు చావు ముందర తలకు నీలి గుడ్డ ఎందుకు కట్టుకున్నాడు అని అడుగుకుంటా పోయినాడు. పధ్నాలుగేండ్లు తిరిగి 2011లో ‘జై భీమ్ కామ్రేడ్’ బయటికి తెచ్చినాడు. మొదటి సినిమాలో పాట అయిన మనిషి రెండో సినిమాలో ప్రశ్న అయినాడు. నేను అడిగేది ఇదే. పాట కోసం తెరిచిన కెమెరా, పాట అయిపోయినాక కూడా తెరిచే ఉండాల. గద్దర్ ఎర్రజెండా నుంచి అంబేద్కర్ వైపు, బుద్ధుని వైపు నడిచిన దారి చిన్నది కాదు. ఆ నడక ఒక సినిమాకు సరిపోయే కథ. బ్యాంకు గుమాస్తా, బుర్రకథకుడు, అజ్ఞాతవాసి, వెన్నులో తూటా, ఆల్వాల్‌లో తాను పెట్టిన మహాబోధి బడి. ఏ సినిమా హీరోకు ఇంత కథ ఉంది?

గద్దర్ ఆటలో లోటు లేదని నేను అనడం లేదు. మన మనిషి అని విమర్శ మానుకుంటే అది ప్రేమ కాదు. రెండు మాటలు చెప్పాల. ఒకటి, కంబళి, కట్టె రానురాను యూనిఫాం అయిపోయినాయి. జననాట్యమండలిని చూసి నేర్చుకున్న గుంపులు మా సీమకు కూడా వచ్చినాయి. ఆ గుంపుల్లో పిల్లోళ్లు మా యాస ఇడిచిపెట్టి తెలంగాణ యాసలో పాడినారు. మా చెక్కభజన, మా తప్పెట, మా సేద్యగాళ్ల మాట వాళ్ల ఆటలోకి రాలేదు. గద్దర్ తన ఊరి ఒంటిని తెర మీదికి తెచ్చినాడు. ఆయన్ని అనుకరించినోళ్లు గద్దర్ ఒంటిని తెచ్చినారు, తమ ఊరి ఒంటిని ఇంట్లోనే వదిలిపెట్టినారు. రెండు, ఆ ఆటలో నడుమ నిలబడేది మగోడే. ఆడోళ్ల బాధను గద్దర్ ఎన్నో పాటల్లో పాడినాడు. అమ్మగా, అక్కగా, చెల్లెగా గొంతు మార్చినాడు. కానీ కలుపు తీసేటప్పుడు పాట కట్టే మా జేజి లాంటోళ్లు ఆ నడుమ జాగాలో ఎప్పుడు నిలబడాల? మగోని గొంతులో ఆడదాని ఏడుపు విని చప్పట్లు కొట్టినంత కాలం ఆ ప్రశ్న మిగిలే ఉంటాది.

మా సీమ సంగతి కూడా ఒక మాట. 1999లో ‘సమరసింహారెడ్డి’ ఆడినప్పటి నుంచి తెలుగు సినిమాకు కడప అంటే సుమోలు, బాంబులు, కొడవళ్లు. ఆ సినిమాల్లో రెడ్లకు పేర్లున్నాయి, పగలున్నాయి, మీసాలున్నాయి. సుమో వెనక పరిగెత్తి మొదటి దెబ్బకు పడిపోయేటోళ్లకు పేరు లేదు. ఊర్లలో మా నాయన వయసోళ్లను అడిగితే, వెనక పరిగెత్తినోళ్లలో ఏ వాడ మనుషులు ఎక్కువో చెప్తారు. తెలంగాణ దళితునికి తెర మీద పాట దక్కింది. మాకు శవం వేషం దక్కింది. అందుకే ఆ నాలుగు నిమిషాల గద్దర్ నాకు విలువైనోడు. ఆ నాలుగు నిమిషాలు ఆయన చావలేదు, చేతులు కట్టుకోలేదు, ఎవరి వెనకా పరిగెత్తలేదు. నడుమ నిలబడినాడు, చుట్టూ ఉన్నోళ్లు వంత పాడినారు. తెర మీద ఒక దళితుడు నడుమ నిలబడితే ఎట్లుంటాదో మా తరానికి చూపించింది అదే.

ఇప్పుడు ప్రభుత్వాల సంగతి. 2011లో ‘జై బోలో తెలంగాణ’లో ‘పొడుస్తున్న పొద్దు మీద’ పాటకు ఉత్తమ గాయకునిగా గద్దర్‌కే నంది ప్రకటించినారు. 2023లో చనిపోతే ప్రభుత్వ లాంఛనాలతో ఆల్వాల్ మహాబోధి బడి ఆవరణలో సమాధి చేసినారు. 2024 జనవరి 31న, ఆయన జయంతి నాడు, తెలంగాణ ముఖ్యమంత్రి నందుల బదులు గద్దర్ పేరుతో సినిమా పురస్కారాలు ఇస్తామని ప్రకటించినాడు. 2025 జూన్ 14న వాటిని ఇచ్చినారు. 2024 ఉత్తమ చిత్రం ‘కల్కి 2898 ఏడీ’. ఉత్తమ నటుడు ‘పుష్ప 2’కు అల్లు అర్జున్. వందల కోట్ల సినిమాల చేతికి గద్దర్ పేరు పెట్టినారు. ఆ పేరు దక్కినందుకు నాకు సంతోషమే. ఒక దళితుని పేరు పలకకుండా తెలుగు సినిమా ఇక పురస్కారం తీసుకోలేదు, అది చిన్న సంగతి కాదు. కానీ తెర మీద చేసిన పనే ఇక్కడా జరిగింది. పేరును పిలిచినారు, ఆ పేరు వెనకున్న ఆటను పిలవలేదు. గద్దర్ పేరుతో పురస్కారం ఇచ్చేటోళ్లు ఏటా ఒక చిందు కళాకారిణికి, ఒక తప్పెట కొట్టేటోనికి పూర్తి నిడివి పాత్ర ఇచ్చిన చిన్న సినిమాకు డబ్బు పెట్టొచ్చు కదా. అప్పుడు ఆ పేరుకు ఒళ్లు వస్తాది.

నేను సర్కారు బడి పంతుల్ని. పుస్తకంలో కళలు అనే పాఠం వస్తే కూచిపూడికి పేజీ ఉంటాది, తప్పెటకు వాక్యం ఉంటాది. ఒక ఏడు వార్షికోత్సవానికి మాదిగవాడ పిల్లోడు ఒకడు తప్పెట కొడతానంటే, ‘అది చావుకు కొట్టేది, బడిలోకి ఎందుకు’ అని ఊరి పెద్ద ఒకాయన అడ్డం పడినాడు. చావు దరువు వేరు, పెండ్లి దరువు వేరు, జాతర దరువు వేరు అని ఆ పిల్లోడే ఆయనకు మూడూ కొట్టి చూపించినాడు. పెద్దాయన ఏమీ అనలేదు. ఆ పిల్లోనికి నేను నేర్పింది ఏమీ లేదు. వాడు ఇంట్లో నేర్చినోడు. నేను చేయాల్సింది వాని పేరు పక్కన ‘వాద్యకారుడు’ అని కార్యక్రమాల కాగితంలో రాయడమే, అది రాసినాను.

విమర్శ చేసే పని కూడా అంతే అనుకుంటాను. ఎవరి పని ఏందో దానికి సరైన పేరు పెట్టాల. గద్దర్‌ను ప్రజాయుద్ధనౌక అన్నారు, బాగుంది. ఆ పేరు పక్కన ‘నటుడు’ అని కూడా రాయండి. ఆయన నటన ఏ బడిలోది అని అడిగితే చిందు, ఒగ్గు, బుర్రకథ, డప్పు అని చెప్పండి. ఆ బడికి గోడలు లేవు, పట్టాలు లేవు, గురువులకు జీతాలు లేవు. అందులో చదివినోళ్లు ఇంకా ఉన్నారు, ప్రతి వాడలోనూ ఉన్నారు. సినిమావాళ్లు ఈసారి వచ్చేటప్పుడు టేపురికార్డరు ఒక్కటే తెచ్చుకుంటే చాలదు. కూచోని కథ వినడానికి తీరిక కూడా తెచ్చుకోవాల.